నడుమ కాస్త వణకాలి

మంగళవారం మధ్యాహ్నం. హాలిఫాక్స్ మీదుగా వచ్చిన వాన
మా వంటింటి కిటికీకి ముఖం ఆనించి నిలబడింది.
ఈనిడ్ కుర్చీలోంచి చెబుతోంది, నేను చేస్తున్నాను.
నలభై మూడేళ్ళ కాపురంలో ఇదే మొదలు.

ముప్ఫయ్యేళ్ళు బస్సు కండక్టరును.
చిల్లర లెక్కపెట్టడం వచ్చు, తాగినవాణ్ణి మెల్లగా దించడం వచ్చు,
పిండిలో వెన్నను వేలికొసలతో నలపడం రాదు.
"అరచెయ్యి తగలనీకు, క్లిఫర్డ్. అరచెయ్యి వేడి.
వెన్న కరిగిందా, పెంకు చెప్పట్టలా సాగుతుంది."
ఒళ్ళో ఆమె చేతులు వాటంతటవే ఆడుతున్నాయి,
దూరాన ఎవరినో పిలుస్తున్నట్టు.
వాటిమీద శాలువా కప్పుకుంది.
శాలువా కూడా ఆడింది.

గుండ్రంగా రావలసింది
స్కాట్లాండు పటంలా వచ్చింది.
"అతుకు వెయ్యి. అడుగున ఉండేది ఎవరు చూడొచ్చారు?"
కాగితం పరిచి, ఎండు బఠాణీలు పోసి
ముందు ఉత్త పెంకునే కాల్చాలి.
ఆ బఠాణీలు మా పెళ్ళైన ఏడాదివి.
కాలీ కాలీ గులకరాళ్ళయ్యాయి,
ఇంక ఏ సూపులోనూ ఉడకవు.

పాలు గోరువెచ్చగా, అంతే.
గుడ్లు నాలుగు. ఐదోదాని సంగతి కుక్కకు తెలుసు.
"కోపం మీదున్నట్టు గిలక్కొట్టకు, నురగ రాకూడదు."
నాకు కోపమేమీ లేదు.
మార్చిలో డాక్టరు ఆ జబ్బు పేరు చెప్పినప్పటినుంచీ
దేన్ని కలిపినా నాకలాగే వస్తోంది.

నిండుకుండ తొణకదంటారు.
అన్నవాడు కస్టర్డ్ నింపిన పళ్ళెం పట్టుకుని
బల్ల దగ్గర్నుంచి ఓవెన్ దాకా నడిచి ఉండడు.
మొదటి అడుక్కి కుడివైపు ఒలికింది,
రెండో అడుక్కి ఎడమవైపు,
మూడోది నా చెప్పుల్లోకి.
ఈనిడ్ నవ్వింది. కళ్ళనీళ్ళొచ్చేదాకా నవ్వింది.
"పెంకును లోపల పెట్టి, అక్కడే పొయ్యాలయ్యా!"
ఇన్నేళ్ళూ ఓవెన్ నోటి దగ్గర
ఆ నీలం జగ్గుతో ఎందుకు వంగేదో
నేనెప్పుడూ అడగలేదు.

పైన జాజికాయ తురిమాను,
దాంతో కొంచెం వేలు కూడా.

"తియ్యి" అంది.
చూశాను. అంచులు కుదిరాయి గానీ
నడుమ అరచేతంత మేర ఇంకా వణుకుతోంది.
"కాలేదు."
"అయింది. నడుమ కాస్త వణకాలి.
బయట పెడితే దాని వేడికదే సర్దుకుంటుంది."
బస్సు కదలాలో వద్దో గంట కొట్టి చెప్పినవాణ్ణి నేను.
తలుపు మూసేశాను. ఇంకో పది నిమిషాలు.

బయటికి తీస్తే కదల్లేదు. తట్టినా కదల్లేదు.
కాసేపు గర్వంగానే ఉంది.
కోశాక లోపలంతా తేనెపట్టులా చిల్లులు,
అడుగున కన్నీళ్ళలాంటి నీళ్ళు.
పక్కింటి మిసెస్ సట్‌క్లిఫ్ ఒక ముక్క తిని చాలా బాగుందంది.
ఆమెకు అన్నీ చాలా బాగుంటాయి.
ఈనిడ్ ఏమీ అనలేదు.
ఏమీ అనకుండా అనడం ఆమెకు వచ్చినట్టు ఇంకెవరికీ రాదు.

మళ్ళీ మంగళవారం.
అప్పడాలకర్ర కింద ఈసారి ఐర్లాండు.
"తియ్యి" అంది. తీశాను.
కిటికీ గట్టు మీద పెట్టి
ఇద్దరం ఎదురుగా కూర్చున్నాం,
ఇంటికొచ్చిన చుట్టాన్ని చూస్తున్నట్టు.
నాలుగింటి బస్సు గేరు మార్చి ఎత్తెక్కింది.
అద్దం అదిరింది, పళ్ళెం అదిరింది,
పసుప్పచ్చని నడుమ ఓసారి ఊగింది.
కుక్క ఆవలించింది.
అది ఏ క్షణాన నిలిచిందో ఇద్దరమూ చూడలేదు.

కోస్తే కత్తికి ఏమీ అంటలేదు.
చెంచా ఆమె చేతికే ఇచ్చాను.
నోటిదాకా వెళ్ళేలోగా సగం శాలువా మీద పడింది.
మిగతా సగం నెమ్మదిగా తిని,
కళ్ళు మూసుకుని,
"జాజికాయ ఇంకొంచెం పడాలి" అంది.